కళ్ళ యాత్ర – కాళ్ళ యాత్ర

విహారయాత్ర నుండి తిరిగి వచ్చిన మరునాడు తరగతిలో పాఠం సాగదు. ఈ సత్యం ఉపాధ్యాయులందరికీ అనుభవమే. మేమూ ఆ రోజు పుస్తకం మూసి, విశాఖపట్నంలోనూ హైదరాబాదులోనూ చూచి వచ్చిన విశేషాలను విద్యార్థుల నోటనే చెప్పించాము. ఒకరు జలాంతర్గామిని వర్ణించారు. ఒకరు చలనచిత్ర నగరాన్ని వర్ణించారు. ఎక్కువమంది మాత్రం కళ్ళకు యంత్రం తగిలించుకొని తాము చేసిన సముద్రగర్భ విహారాన్నీ, అంతరిక్షయానాన్నీ వర్ణించారు. అంతా విన్న తరువాత, యాత్రకు రాలేకపోయిన ఒక విద్యార్థిని లేచి, "సార్, ఆ జలాంతర్గామి లోపల వాసన ఎట్లా ఉంటుందండీ?" అని అడిగింది. తరగతి గొల్లుమన్నది. మాకు మాత్రం నవ్వు రాలేదు. ఆమె అడిగినది చూచినవారు చెప్పగలిగినది కాదు, వెళ్ళి తెలుసుకోవలసినది. ఈ వ్యాసానికి ఆ ప్రశ్నే మూలం.

నెల్లిమర్ల నుండి బయలుదేరిన మా బృందంలో 38 మంది విద్యార్థులు. వారిలో విద్యార్థినులు ఆరుగురు మాత్రమే. మా తరగతి గదులలో విద్యార్థినుల సంఖ్యే అధికమన్న సంగతి పాఠకులకు తెలిసినదే. ఈ లెక్కను పాఠకులు మనస్సులో ఉంచుకోవలసిందిగా ప్రార్థిస్తున్నాము. దీనికి మరల వద్దాము.

మా తొలి మజిలీ విశాఖపట్నం రామకృష్ణ బీచి. అక్కడ ఇసుక మీద నిలిపి ఉంచిన ఐ.ఎన్.ఎస్. కుర్సురా సోవియట్ దేశంలో నిర్మితమై, 1969 డిసెంబరులో భారత నౌకాదళంలో చేరింది. 1971 యుద్ధకాలంలో సేవలందించి, 2001 ఫిబ్రవరిలో విరమించింది. 2002 నుండి ప్రదర్శనశాలగా ఉన్నది. పొడవు 91 మీటర్ల పైచిలుకు. ఆ ఇనుప గొట్టంలో డెబ్బయి మందికి పైగా నావికులు వారాల తరబడి కాపురముండేవారంటే, లోపలికి అడుగుపెట్టేదాకా నమ్మకం కలుగదు. ఒక గది నుండి మరొక గదికి పోవడానికి గుండ్రని ద్వారాలున్నాయి. తల వంచి, కాలు ఎత్తి, ఒకరి తరువాత ఒకరు దూరవలసినదే. మా విద్యార్థులలో పొడవైనవాడికి నుదుట బొప్పి కట్టింది. వివరించి చెప్పినవారు నౌకాదళంలో ఉద్యోగ విరమణ చేసిన ఒక పెద్దాయన. ఆయన గోడ మీది చక్రాన్ని చేత్తో తిప్పి చూపినప్పుడు, ఆ చేతికి ఆ చక్రం ఎన్నేళ్ళుగా పరిచయమో చూస్తుంటేనే తెలిసిపోయింది.

అక్కడి నుండి గోదావరి ఎక్స్‌ప్రెస్‌లో హైదరాబాదు చేరి, మరునాడు రామోజీ ఫిల్మ్ సిటీకి వెళ్ళాము. 1996లో నెలకొల్పిన ఈ చలనచిత్ర నగరం 1,666 ఎకరాలలో విస్తరించి, ప్రపంచంలోని చలనచిత్ర నిర్మాణ కేంద్రాలలో అతి పెద్దదిగా గిన్నిస్ గ్రంథంలో స్థానం సంపాదించుకొన్నది. 2015లోనూ 2017లోనూ వెలువడిన బాహుబలి చిత్రాల రాజ్యాన్ని ఇక్కడే కట్టారు. ఇక్కడి వస్తువులన్నీ నటిస్తున్నవే. రైల్వే స్టేషను నటిస్తుంది, విమానాశ్రయం నటిస్తుంది. అయినా ఆ అబద్ధం మధ్య మేము మా కాళ్ళతోనే నడిచాము. ఎండ నిజమైనది, దాహం నిజమైనది. కోటగోడను వేలితో తట్టి, అది రాయి కాదని తెలుసుకొని అందరమూ కలిసి నవ్వుకొన్న నవ్వు కూడా నిజమైనదే.

మూడవ మజిలీ నగరంలోని ఒక బహుళ అంతస్తుల వ్యాపార సముదాయంలో ఉన్న వినోదశాల. ఆంగ్లంలో వర్చువల్ రియాలిటీ అని పిలిచే విద్య మీద నడిచే శాల అది. నల్లని కళ్ళద్దాల పెట్టె ఒకటి తలకు బిగిస్తారు. కూర్చున్న కుర్చీ ఊగుతుంది, ఎదుట నుండి గాలి వీస్తుంది. కళ్ళ ఎదుట పగడపు దిబ్బలు, తలమీదుగా పోయే తిమింగలాలు. మరొక కుర్చీలో కూర్చుంటే చంద్రుని నేల. అంతా ఏడెనిమిది నిమిషాల వ్యవహారం. నిజం చెప్పవలసి వస్తే, తిమింగలం దగ్గరకు వచ్చినప్పుడు మేము కూడా తల తప్పించుకొన్నాము. విద్యార్థులు దాన్ని చూచి ఇప్పటికీ మరచిపోలేదు.

ఈ మాయకు మూలం కష్టమైనదేమీ కాదు. మన రెండు కళ్ళూ ఒకే వస్తువును కొంచెం వేర్వేరు కోణాల నుండి చూస్తాయి. మెదడు ఆ రెండు బొమ్మలనూ కలిపి లోతును కల్పించుకొంటుంది. 1838లో వీట్‌స్టన్ అనే ఆంగ్ల శాస్త్రజ్ఞుడు ఈ రహస్యాన్ని ప్రకటించి, రెండు బొమ్మలతో లోతును చూపే పరికరాన్ని వివరించాడు. నేటి కళ్ళద్దాలు చేసేదీ అదే. దానికి తోడు, తల ఎటు తిరిగితే అటువైపు దృశ్యాన్ని క్షణంలో మార్చివేసే సూక్ష్మ పరికరాలు లోపల ఉంటాయి. కన్ను "నీవు కదులుతున్నావు" అంటుంది. లోచెవిలో ఉండి శరీరపు తూకాన్ని కనిపెట్టే అవయవం "నీవు కూర్చొనే ఉన్నావు" అంటుంది. ఈ ఇద్దరి తగవులో నలిగేది కడుపు. కొందరికి వాంతి రాబోవడానికి కారణమిదే.

ఈ కోరిక కూడా నిన్నటిది కాదు. మోర్టన్ హెయిలిగ్ అనే అమెరికా దేశస్థుడు 1962లో సెన్సోరమా అనే పెట్టెకు పేటెంటు పొందాడు. అందులో బొమ్మ, ధ్వని, గాలి, కుదుపు మాత్రమే గాక వాసన కూడా ఉన్నది. 1968లో ఐవాన్ సదర్లాండ్ తలకు ధరించే పరికరాన్ని నిర్మించాడు. అది ఎంత బరువైనదంటే కప్పు నుండి వ్రేలాడదీయవలసి వచ్చింది. అంతకు తొమ్మిది శతాబ్దాలకు పూర్వమే, బస్రాలో జన్మించి కైరోలో స్థిరపడిన ఇబ్న్ అల్ హైసమ్ తన 'కితాబుల్ మనాజిర్'లో, కన్ను వెలుగును పంపదనీ, వస్తువు నుండి వచ్చే వెలుగునే కన్ను స్వీకరిస్తుందనీ నిరూపించాడు; దృష్టి ఎక్కడెక్కడ పొరబడుతుందో విచారించాడు. కన్నును మోసగించే నేటి యంత్రానికి, కంటి మోసాలను పరిశోధించిన ఆ మహనీయుడు ఒక విధంగా ముత్తాత. మా విద్యార్థులు ఈ సంబంధాన్ని గర్వంగా చెప్పుకొనవచ్చు.

కాబట్టి మేము యంత్రానికి శత్రువులము కాము. మమ్ము ఆలోచింపజేసినది వేరు. తెర వెనుక దీపం వెలిగించి తోలుబొమ్మలాట ఆడితే ఊరంతా ఒకే రావణుణ్ణి చూచేది. సినిమా హాలులో వెయ్యిమంది ఒకే చోట ఈల వేస్తారు. ఈ శాలలో పదిమంది పక్కపక్కనే కూర్చొని, ఎవరి సముద్రంలో వారు మునిగి, ఎవరి కేక వారే వేస్తున్నారు. పక్కవాడు ఏమి చూస్తున్నాడో పక్కవాడికి తెలియదు. బయట నిలబడి చూచేవారికి పదిమంది శూన్యానికి చేతులు చాస్తున్నట్లు కనిపిస్తుంది.

ఆ పదిమందినీ కనిపెట్టుకొని ఉన్నది ఒక్క కుర్రవాడు. కళ్ళద్దాలు తుడవడం, తలలకు బిగించడం, తూలిపోయేవారిని పట్టుకోవడం అతని ఉద్యోగం. మా మాటల యాస విని, "మేష్టారూ, ఏ ఊరండి మీది?" అని తానే పలకరించాడు. చీపురుపల్లి ప్రాంతం నుండి వచ్చాడట. ఊరు చూచి ఏడాది దాటిందట. మేము సముద్రం కుర్చీ దిగి వచ్చినప్పుడు అతడు నవ్వి, "సముద్రం సూడ్డానికి ఇంత దూరం వొచ్చేరేటండీ బాబూ? మన చింతపల్లికాడ నేదేటి?" అన్నాడు. పూసపాటిరేగ మండలంలోని చింతపల్లి తీరాన్ని మా 38 మందిలో ఎందరు చూచి ఉంటారని రైలులో విచారించాము. తొమ్మిది చేతులు లేచాయి.

ఇంతవరకు చెప్పినది వినోదంగా చదువుకొని విడిచిపెట్టదగినదే. కాని తిరిగి వచ్చిన తరువాత జరిగిన ఒక సంభాషణ మమ్ము ఈ కలం పట్టించింది. కళాశాల శ్రేయస్సును మనసారా కోరే ఒక పెద్దలు యాత్రా విశేషాలు విని సంతోషించి, "ఆ కళ్ళద్దాలు నాలుగైదు మనమే కొంటే సరిపోతుంది కదా! ఖర్చూ కలిసి వస్తుంది. ముఖ్యంగా ఆడపిల్లలకు ఎటూ వెళ్ళవలసిన పని ఉండదు. తల్లిదండ్రులకూ నిశ్చింత" అన్నారు. సదుద్దేశంతో అన్న మాట. అందుచేతనే అది మమ్ము ఎక్కువ బాధించింది. దుర్బుద్ధితో అన్న మాటకు జవాబు చెప్పడం తేలిక.

ఆ సూచనలోని మొదటి సగానికి మేము సంపూర్ణంగా అంగీకరిస్తాము. గుండెలోని కవాటాలు తెరుచుకొని మూసుకొనే తీరును, అణువుల అమరికను, శనిగ్రహపు వలయాలను ఏ బస్సు ఎక్కీ చూడలేము. మనిషి పోలేని చోటికి కన్నును పంపడం విజ్ఞానం చేసిన మహోపకారం. ఎడ్విన్ లింక్ 1929లో నేల మీదనే విమానం నడపడం నేర్పే యంత్రాన్ని చేసినప్పటి నుండి ఎందరో వైమానికులు అటువంటి పెట్టెలలో కూర్చొని శిక్షణ పొందారు. అయితే ఆ పెట్టె గమ్యం ఆకాశం. ఎగురవలసిన పని లేకుండా చేయడానికి దాన్ని ఎవరూ నిర్మించలేదు.

రెండవ సగమే మాకు అభ్యంతరం. పోలేని చోటికి పంపే యంత్రం వేరు, పోనివ్వని వారికి ఇచ్చే యంత్రం వేరు. చింతపల్లి సముద్రం చంద్రమండలంలో లేదు. అక్కడికి మగపిల్లవాడు సైకిలు మీద పోయి రాగా, ఆడపిల్లకు కళ్ళద్దాలు తగిలించి "ఇదిగో సముద్రం" అంటే, అది ఆమెకు సముద్రాన్ని ఇవ్వడం కాదు. సముద్రాన్ని అడిగే హక్కును ఆమె నుండి తీసుకోవడం. ఇంతకాలం "పోలేకపోయాను" అని చెప్పుకొని బాధపడేందుకైనా ఆమెకు అవకాశముండేది. రేపు "చూశావు కదా!" అన్న జవాబు సిద్ధంగా ఉంటుంది. ఏ కొత్త సౌకర్యమైనా మొదట కలవారికి అదనంగా అందుతుంది, లేనివారికి బదులుగా అందుతుంది. మనం జాగ్రత్తపడవలసినది ఈ 'బదులు' అన్న మాట దగ్గరనే.

ఈ 'బదులు' ప్రశ్న మన ధర్మంలోనే ఇటీవల ఉదయించింది. 2021 డిసెంబరులో సౌదీ అరేబియాలో హజ్రె అస్వద్‌ను ఈ కళ్ళద్దాల ద్వారా దర్శింపజేసే కార్యక్రమాన్ని ప్రారంభించారు. యాత్రికులు బయలుదేరక ముందే ఆ పుణ్యస్థలాన్ని ఎరిగి ఉండడానికి అది ఎంతో మేలైన సాధనం. కాని వెంటనే ప్రశ్న పుట్టింది: ఇట్లా కాబాను దర్శిస్తే హజ్ అవుతుందా? 2022లో తుర్కీ దేశపు మత వ్యవహారాల శాఖ కాదని స్పష్టం చేసింది. పాదాలు ఆ నేలను తాకవలసినదే.

ఆ సమాధానాన్ని మా ఇంటి నానీ పండితుల సహాయం లేకుండానే చెప్పింది. ఆమెకు హజ్ చేసే స్తోమత లేకపోయింది. ఇప్పుడు ఆరోగ్యమూ లేదు. మిత్రుడొకరు తెచ్చిన కళ్ళద్దాలలో ఆమెకు కాబాను చూపించాము. ఆమె ముందుగా వుజూ చేసుకొని, తలమీద దుపట్టా సరిచేసుకొని కూర్చున్నది. కొంతసేపటికి ముందుకు చేయి చాచింది. ఆ చేతికి మా ఇంటి గోడ తగిలింది. కళ్ళద్దాలు తీసి కన్నీరు తుడుచుకొని, మాకు దువా చేసి, చివరకు అన్నది: "చూశాను బేటా, చాలా సంతోషం. కాని కాళ్ళు నొప్పి పుట్టలేదు కదా! అది హజ్ ఎట్లా అవుతుంది?" సఫా మర్వాల మధ్య ఏడుసార్లు నడిచేది కళ్ళు కాదు. ఆ నడక వెనుక, నీటి కోసం పరుగెత్తిన ఒక తల్లి పాదాలున్నాయి. ఇంట్లో కూర్చోబెట్టిన స్త్రీని స్మరించే ఆచారం కాదది. ఎడారిలో పరుగెత్తిన స్త్రీని స్మరించే ఆచారం.

మన సంప్రదాయంలో ప్రయాణం విద్యకు అలంకారం కాదు, విద్యలో సగం. ఇబ్న్ బతూతా 1325లో ఇల్లు విడిచినప్పుడు ఆయన వయస్సు 21 సంవత్సరాలు. ఇంచుమించు మా విద్యార్థుల వయస్సే. తెలుగులో ఏనుగుల వీరాస్వామయ్య 1830లో మద్రాసు నుండి బయలుదేరి కాశీకి పోయి, పూరీ మీదుగా మన ఈ ఉత్తర తీరం వెంబడినే తిరిగి వెళ్ళి, దారిలోని బాటల సంగతి, నీళ్ళ సంగతి కూడా వ్రాసి పెట్టాడు. స్త్రీల మాటేమిటని అడిగేవారికి, భోపాలు రాజ్యమేలిన సికందర్ బేగం 1863–64లో హజ్ యాత్ర చేసి దాన్ని గ్రంథస్థం చేసిన సంగతి గుర్తు చేస్తున్నాము. మన దేశంలో 2018 నుండి 45 ఏళ్ళు దాటిన స్త్రీలు మహ్రమ్ తోడు లేకుండా, బృందాలుగా హజ్‌కు వెళ్ళడానికి అవకాశం కల్పించారు. మక్కాకు పోదగిన స్త్రీ కుమార్తె విశాఖకు పోరాదనడం ఏ తర్కమో మాకు బోధపడలేదు.

తల్లిదండ్రుల భయాలను మేము తేలిక చేయడం లేదు. రాత్రి ప్రయాణం, కొత్త ఊరు, బస ఏర్పాట్లు, ఖర్చు, చుట్టాల మాటలు. ఇవన్నీ నిజమైన ఇబ్బందులే. యాత్రకు రాని విద్యార్థినుల ఇళ్ళకు మేము ముందుగా వెళ్ళి మాట్లాడలేదన్నది కూడా నిజమే. ఒక కాగితం మీద అనుమతి పత్రం వ్రాసి పంపి, సంతకం రాలేదని ఊరుకొన్నాము. ఆ లోపం మాది. లోపాన్ని దిద్దుకోవడానికి కాళ్ళు కావాలి, కళ్ళద్దాలు కాదు.

కనుక కళాశాల కమిటీ పెద్దలకు మా మనవులు మూడు. మొదటిది, ఆ కళ్ళద్దాలను తప్పక కొనండి. వాటిని ప్రయోగశాలలో ఉంచండి. మనిషి పోలేని చోట్లకు మాత్రమే వాటిని వాడుదాము. రెండవది, యాత్రలను దూరం నుండి కాక దగ్గర నుండి ప్రారంభిద్దాము. మన మండలంలోనే రామతీర్థం ఉన్నది. అక్కడ గురుభక్తులకొండ మీద బౌద్ధ విహారాల శిథిలాలు, దుర్గకొండ మీద జైన విగ్రహాలు, క్రింద రామాలయం ఉన్నాయి. మూడు మతాల చరిత్రను ఒక్క పూటలో కాలినడకన చదువుకొనవచ్చు. ఉదయం వెళ్ళి మధ్యాహ్నం నమాజు వేళకు తిరిగి రావచ్చు. తరువాత చింతపల్లి తీరం, ఆ తరువాత బొబ్బిలి, ఆ తరువాత కుర్సురా. ఒక్కొక్క మెట్టు ఎక్కినకొద్దీ తల్లిదండ్రుల భయమూ ఒక్కొక్క మెట్టు దిగుతుంది. మూడవది, ప్రతి యాత్రలోనూ విద్యార్థినుల తల్లులకు కొన్ని స్థానాలు కేటాయించండి. వారిలో కూడా చాలామంది సముద్రాన్ని చూడలేదు.

విద్యార్థులకు ఒక్క మాట. యంత్రం తప్పు చేయదు. దాని చేత ఏమి చేయించుకొంటామో అందులోనే మన బుద్ధి తెలుస్తుంది. మీరు చూచిన తిమింగలం అందంగానే ఉన్నది. కాని అది మిమ్ము చూడలేదు. మీరు వెళ్ళిన సంగతి ఆ సముద్రానికి తెలియదు. జలాంతర్గామిలో బొప్పి కట్టిన మీ మిత్రుడిని చూచి ఆ పెద్దాయన, "ఇక్కడ పనిచేసిన ప్రతివాడికీ మొదటి రోజు ఇదే బహుమానం" అని నవ్వి భుజం తట్టాడు. రేపు ఏ యంత్రమైనా వాసనను కూడా అందించవచ్చు, 1962లోనే అందించింది. ఆ భుజం తట్టే చేతిని అందించలేదు.

ఇక ఆ విద్యార్థిని ప్రశ్న మిగిలింది. మేము ఆ రోజు ఆమెకు, "పాత నూనె, ఇనుము, రంగు, ఉప్పుగాలి కలిసిన వాసన" అని జవాబు చెప్పాము. ఆమె శ్రద్ధగా పుస్తకంలో వ్రాసుకొన్నది. వ్రాసుకొన్న ఆ వాక్యాన్ని చూచి మేము సిగ్గుపడ్డాము. వచ్చే ఏడాది ఈ పత్రికలో ఆ వాక్యాన్ని సరిదిద్ది, మా జవాబు ఎక్కడ తప్పిందో ఆమే స్వయంగా వ్రాయాలని కోరుతున్నాము. అందుకు కావలసినది ఒక బస్సు, ఒక పగలు, నలుగురు పెద్దల సమ్మతి.